అవి సైబీరియా పిట్టలు కావు వదినా!

పోయిన ఏడాది సంక్రాంతికి నేనో రీల్ చేశాను. అమ్మమ్మ వాళ్ల పెరట్లో చింతచెట్టు, దాని నిండా గూడబాతులు, వెనకాల ఓ మెలోడీ పాట. పైన పెద్ద అక్షరాలతో ‘సైబీరియా నుంచి 5 వేల కిలోమీటర్లు ఎగిరొచ్చిన అతిథులు’ అని రాశాను. నా బతుక్కి అన్ని లైకులు అంతకుముందెప్పుడూ రాలేదు. ఆఫీసులో ముఖం తెలియని వాళ్లు కూడా ‘మీ ఊరు సూపర్’ అన్నారు.

మావయ్య కూతురు మాత్రం లైక్ కొట్టలేదు. అది టెక్కలిలో డిగ్రీ, జువాలజీ రెండో ఏడు. నేరుగా ఫోన్ చేసింది.

“ఆ రీల్ తీసెయ్ వదినా. అవి సైబీరియా పిట్టలు కావు.”

“మరెక్కడివే?”

“ఇక్కడివే.”

నాకు కోపమొచ్చింది. ఎందుకంటే చిన్నప్పట్నుంచీ నేను విన్నది అదే. పేపర్లో అదే, టీవీలో అదే, స్కూల్లో మాస్టారు చెప్పిందీ అదే. మా శ్రీకాకుళం జిల్లాలో పెద్ద ముక్కు పిట్ట ఏది కనబడినా సైబీరియా నుంచి వచ్చిందనే అంటారు. అంతమంది తప్పు చెప్పి, డిగ్రీ రెండో ఏడు పిల్ల ఒక్కతే కరెక్ట్ చెబుతుందా? అదే మాట దాన్ని అడిగేశాను.

“ఒక్క ప్రశ్న అడుగుతాను, నువ్వే చెప్పు” అంది. “చలికాలం గడపడానికి వచ్చిన పిట్ట ఇక్కడ గుడ్లు పెడుతుందా?”

నా దగ్గర సమాధానం లేదు. రీల్ ఇంకో రెండు రోజులు ఉంచి, ఆ తర్వాత తీసేశాను. ఉంచిన ఆ రెండు రోజులూ లైకుల మీద ఆశే, దాచేదేముంది.

పురిటికి వచ్చిన ఆడపిల్లలు

తేలినీలాపురం తెలియని వాళ్ల కోసం కొంచెం చెప్పాలి. టెక్కలి మండలంలో, నౌపడ దగ్గర ఉన్న చిన్న ఊరు. వానలు తగ్గుముఖం పట్టే సెప్టెంబరు రోజుల్లో గూడబాతులు, ఎర్రకాళ్ల కొంగలు గుంపులు గుంపులుగా దిగుతాయి. గూడబాతంటే పెలికాన్. గడ్డం కింద సంచీ వేలాడుతూ, పైముక్కు మీద ఇంకుచుక్కల్లా మచ్చలుండే పిట్ట. ఎర్రకాళ్ల కొంగను ఇంగ్లిషులో పెయింటెడ్ స్టార్క్ అంటారు. పేరుకు తగ్గట్టే, రెక్కల చివర ఎవరో గులాబీ రంగు బ్రష్షుతో గీత గీసినట్టుంటుంది. ఈ రెండూ అడవిలో గూళ్లు కట్టవు. ఊళ్లోనే, ఇళ్ల మధ్య చింతచెట్ల మీద కడతాయి. మళ్లీ వేసవి మొదలయ్యేసరికి పిల్లల్ని తీసుకుని వెళ్లిపోతాయి.

చూడ్డానికొచ్చే వాళ్లకు ఇది పండగే. ఊళ్లో ఉండే వాళ్ల సంగతి వేరు. ఆర్నెల్లపాటు పెరట్లో బట్టలారేయలేం. చెట్టు కింద కుళ్లిన చేపల కంపు. తెల్లారగట్ల మూడింటికే పైనుంచి పిల్లల గోల. రెట్టల దెబ్బకు కొమ్మలే ఎండిపోతాయి. మా అత్తయ్య కాపురానికి వచ్చిన కొత్తలో నెల రోజులు అన్నం సహించలేదట. అయినా ఊళ్లో ఎవరూ వాటి మీద రాయి విసరరు. విసిరితే ఊరుకోరు కూడా.

ఎందుకు ఊరుకోరని అమ్మమ్మనడిగితే ఎప్పుడూ ఒకటే మాట. “పురిటికొచ్చిన ఆడపిల్లల్ని ఎల్లగొడతారేటే?”

సెప్టెంబరులో అవి రావడం నాలుగు రోజులు ఆలస్యమైతే ఊరంతా ఆకాశం చూస్తుంది. వానలు సరిగ్గా పడని ఏడు అవి తక్కువ రావడం కూడా వాళ్లు చూశారు. చెరువుల్లో నీళ్లుంటేనే చేపలు, చేపలుంటేనే పిల్లల్ని పెంచగలవు. పిట్టలు దిగాయంటే ఆ ఏడు నీటికి కరువు లేదన్నమాటే. దాన్ని శకునమన్నా, లెక్క అన్నా నాకు అభ్యంతరం లేదు.

ఈ సంక్రాంతికి వెళ్లినప్పుడు మావయ్య కూతురు నన్ను అదే చింతచెట్టు కింద నిలబెట్టి పాఠం చెప్పింది. నిజంగా వలస వచ్చే పిట్టకు రెండు ఇళ్లుంటాయి. ఒకటి పిల్లల్ని కనే ఇల్లు, రెండోది చలి తప్పించుకునే ఇల్లు. ఉత్తరాన మంచు పడగానే ఆకలి మొదలవుతుంది కాబట్టి మన వైపు వస్తాయి. ఇక్కడ తింటాయి, కొవ్వు పెంచుకుంటాయి, ఎండలు ముదిరేలోగా వెళ్లిపోతాయి. గూడు, గుడ్లు, పిల్లలు అన్నీ అక్కడే. మన చెట్టు మీద గూడు కట్టి పిల్లల్ని లేపిందంటే దాని పుట్టిల్లు మన ఊరేనన్నమాట. ఈ మచ్చల గూడబాతు దక్షిణ భారతం, శ్రీలంక, అసోం, కంబోడియా వైపు పిల్లల్ని కనే పిట్ట. సైబీరియా ముఖం అది ఎన్నడూ చూడలేదు. ఎర్రకాళ్ల కొంగ కథా అంతే. పిల్లలు పెద్దయ్యాక ఇవి నీళ్లున్న చోటల్లా తిరుగుతాయి. ఈ చెరువు ఎండితే ఆ చెరువు, ఈ జిల్లా కాకపోతే పక్క జిల్లా, పక్క రాష్ట్రం. తిరుగుళ్లన్నీ మన దేశంలోనే.

ఇచ్ఛాపురం దగ్గర తేలుకుంచికి జూన్‌లో వానలతోపాటు దిగే చిల్లుముక్కు కొంగలదీ ఇదే కథ. ముక్కు మూసినా మధ్యలో సందు కనబడుతుంది. వరిపొలాల్లో నత్తల్ని పట్టి తింటాయి. వాటినీ పేపర్లు సైబీరియాకే పంపేశాయి. పులికాట్ ఫ్లెమింగోలనూ వదల్లేదు. మన దేశంలో ఫ్లెమింగోలు పెద్ద ఎత్తున గూళ్లు కట్టేది గుజరాత్‌లోని కచ్ రణ్‌లో.

అన్నీ విన్నాక నాకో సంగతి తట్టింది. పురిటికొచ్చిన ఆడపిల్లలన్న మా అమ్మమ్మ మాట సైన్సుకు సరిగ్గా సరిపోయింది. ఇంటర్నెట్ చేతిలో పెట్టుకుని నేను రాసిందే తప్పు.

“సైబీరియా అయితే ఏంటి, సుళ్లూరుపేట అయితే ఏంటి? పిట్టే కదా!” అని మీరనొచ్చు. నేనూ అదే అన్నాను. దానికి మా పిల్ల చెప్పిన మాట ఇప్పటికీ గుచ్చుకుంటూనే ఉంది. “అతిథి రాకపోతే, ఈసారి ఇంకెక్కడికో పోయింది లెమ్మని సరిపెట్టుకుంటాం వదినా. వీటికి ఇంకెక్కడా లేదు.”

అసలు సైబీరియా కొంగ

సైబీరియా పేరు పెట్టుకున్న కొంగ ఒకటి నిజంగానే మన దేశానికి వచ్చేది. సైబీరియన్ క్రేన్. మంచులాంటి తెలుపు, ఎర్రని ముఖం, మనిషి గుండెలదాకా వచ్చే ఎత్తు. రాజస్థాన్‌లోని భరత్‌పూర్‌కు ఏటా చలికాలంలో వచ్చేవి. దారిలో అఫ్గానిస్థాన్‌లో ఓ ఉప్పు సరస్సు దగ్గర ఆగేవి. ఆ దారిలో వేట ఉంది, యుద్ధాలున్నాయి, చిత్తడి నేలలు ఎండిపోవడం ఉంది. భరత్‌పూర్‌లో కాపలా బాగానే ఉండేది. అయినా వచ్చేవాటి లెక్క ఏటేటా పడిపోయింది. 2001–02 చలికాలంలో ఓ జంట కనబడింది. ఆ తర్వాత మళ్లీ రాలేదు.

భరత్‌పూర్ ఇప్పటికీ ఉంది. నీళ్లున్నాయి, గడ్డి ఉంది, టికెట్ కౌంటరూ ఉంది. తెగింది దారే. రెండు చివర్లా కాపలా కాసి మధ్యలో ఒక మెట్టు వదిలేస్తే ఏమవుతుందో చెప్పడానికి నాకు ఇంతకంటే పెద్ద ఉదాహరణ దొరకలేదు.

ఆకాశంలో ఉండే ఇలాంటి దారుల్ని ఫ్లైవేలు అంటారు. మన మీదుగా పోయేది సెంట్రల్ ఏషియన్ ఫ్లైవే. ఆర్కిటిక్ నుంచి హిందూ మహాసముద్రం దాకా 30 దేశాల మీదుగా ఉంటుంది. 180కి పైగా నీటిపక్షుల జాతులు ఈ దారినే వాడతాయి. మన దేశం దాదాపు దాని చివరి స్టేషను. దీన్ని కాపాడుకోవడానికి 2018లో కేంద్రం ఓ జాతీయ కార్యాచరణ ప్రణాళిక తెచ్చింది. 2024 ఫిబ్రవరిలో సమర్‌ఖండ్‌లో జరిగిన వలసజీవుల సదస్సులో, ఈ ఫ్లైవే దేశాల్ని కలిపి నడిపే సమన్వయ కేంద్రం భారత్‌లో ఉండాలని తీర్మానమైంది. సంతకాల దగ్గర మనం ఎప్పుడూ వెనకబడలేదు.

బురదలో నిలబడ్డ విదేశీయులు

“మరి నిజం సైబీరియా పిట్టలు మన దగ్గరకు రావా?” అనడిగాను.

“వస్తాయి. నువ్వు రీల్ తీయవు, అంతే” అంది.

మర్నాడు పొద్దున్నే ఐదున్నరకు స్కూటీ మీద నౌపడ ఉప్పుమడుల వైపు తీసుకెళ్లింది. ఆ నేల మీలో చాలామంది రైలు కిటికీలోంచి చూసే ఉంటారు. హౌరా వెళ్లే బండి నౌపడ దాటుతుంటే తెల్లగా ఉప్పు కుప్పలు, వాటి వెనక బూడిదరంగు బురద, అక్కడక్కడా చెప్పు మునిగేంత నీళ్లు. చూసిన వాళ్లెవరైనా ‘పనికిరాని నేల’ అంటారు. మేం దాన్ని బీల అంటాం.

నాకు ముందు బురద తప్ప ఏమీ కనిపించలేదు. మా పిల్ల బైనాక్యులర్స్ ఇచ్చింది. అప్పటికీ బురదే. “కదిలేదాన్ని చూడు” అంది. అప్పుడు కనబడ్డాయి. బురదరంగులోనే ఉన్న చిన్న చిన్న పిట్టలు, వందల్లో. కుట్టుమిషను సూదిలా ముక్కును టకటకా బురదలో దింపుతూ, పరుగెడుతూ, ఆగుతూ, మళ్లీ దింపుతూ. మన ఉల్లంకి పిట్టల కుటుంబం.

అందులో అన్నిటికన్నా చిన్నది లిటిల్ స్టింట్. పిచ్చుకంత ఉంటుంది. బరువు పాతిక గ్రాములు అటూ ఇటూ, అంటే నాలుగు ఐదు రూపాయల బిళ్లలంత. అది పుట్టేది ఉత్తర ధ్రువానికి దగ్గర్లోని టండ్రాలో. అక్కడ ఎండాకాలం కొద్ది వారాలే. కానీ ఆ కొద్ది వారాలూ రాత్రనేది ఉండదు, దోమలూ పురుగులూ కుప్పలు. పిల్లలకు కావాల్సినంత తిండి. ఆ తర్వాత అంతా గడ్డకట్టడమే. అందుకే అది బయల్దేరుతుంది. నౌపడ బీల నుంచి అక్కడికి గీత గీస్తే దగ్గర దగ్గర ఆరు వేల కిలోమీటర్లు. ఇంకో చమత్కారం ఏమిటంటే, ఈ తరహా పిట్టల్లో చాలావాటికి తల్లిదండ్రులు ముందే వెళ్లిపోతాయి. ఆ ఏడు పుట్టిన పిల్లలు తర్వాత వాటంతట అవే బయల్దేరతాయి. దారి చెప్పేవాళ్లు లేరు. సూర్యుడు, నక్షత్రాలు, భూమి అయస్కాంతశక్తి... వీటి ఆనవాళ్లతోనే వస్తాయి. నేను గూగుల్ మ్యాప్స్ లేకుండా అమీర్‌పేట దాటలేను.

దాని పక్కనే ముక్కు కిందికి వంగినవి ఉన్నాయి, కర్లూ శాండ్‌పైపర్లు. ఇవీ ఆర్కిటిక్ సైబీరియావే. కొంచెం దూరంగా ఒంటరిగా నిలబడ్డది గోల్డెన్ ప్లోవర్. అదీ టండ్రా పిల్లే. నేను ఇన్నేళ్లూ వెతికిన ‘సైబీరియా అతిథులు’ ఇక్కడున్నాయి. పండగ ఫొటోకు పనికొచ్చే రంగు ఒక్కదానికీ లేదు.

మా జిల్లా దాటి ఉత్తరంగా వెళితే ఒడిశాలో చిలికా సరస్సు. 2023 నుంచి 2025 దాకా మూడేళ్లూ జనవరి లెక్కల్లో అక్కడ 11 లక్షలకు పైగా పిట్టలు తేలాయి. లద్దాఖ్, టిబెట్, మంగోలియా నుంచి వచ్చే బాతులూ అందులో ఉంటాయి. తలవెనక రెండు నల్లపట్టీలుండే బార్ హెడెడ్ గూస్ అయితే హిమాలయాలనే దాటి వస్తుంది. శాస్త్రవేత్తలు జీపీఎస్ కట్టి చూస్తే 7 వేల మీటర్ల పైఎత్తులో ఎగిరినట్టు తేలింది. మన కావ్యాల్లో రాత్రయితే జంట విడిపోయి ఏడ్చే చక్రవాకం ఉంది చూడండి, అదీ ఈ గుంపులోదే. రంగు ఇటుకరాయిలా ఉంటుంది. మన కవులు దాని విరహం మీద పద్యాలు రాస్తుంటే, అది లద్దాఖ్ చలికి తట్టుకోలేక వచ్చి మన దగ్గర కడుపు నింపుకునేది.

తెలంగాణ వాళ్లు ఇదంతా కోస్తా గొడవ అనుకోవద్దు. 2025 నవంబరులో మణిపూర్‌లో మూడు అముర్ డేగలకు శాటిలైట్ ట్యాగులు కట్టి వదిలారు. అందులో చిన్నది, అలాంగ్ అని పేరు పెట్టారు. అది ఆరున్నర రోజుల్లో 5,600 కిలోమీటర్లు ఎగిరి కెన్యా చేరింది. మధ్యలో ఎక్కడ పడుకుందో తెలుసా? ఒక రాత్రి తెలంగాణలో. మహారాష్ట్రలో ఓ మూడు గంటలు. ఆ తర్వాత అరేబియా సముద్రం. అది పావు కిలో కూడా ఉండని డేగ. అది ఏ చెట్టు మీద వాలిందో, ఆ చెట్టు ఎవరి పొలం గట్టు మీద ఉందో ఆ రైతుకు తెలిసి ఉండదు.

ఇదే డేగల్ని 2012లో నాగాలాండ్‌లోని దొయాంగ్ జలాశయం దగ్గర వలలేసి లక్షకు పైగా చంపారని లెక్కలు బయటికొచ్చాయి. దేశమంతా ఉలిక్కిపడింది. ఆ మరుసటి ఏడు, 2013లో, అదే ఊళ్ల వాళ్లు ఒక్కదాన్నీ చంపకుండా కాపలా కాశారు. చర్చిలు, ఊరి పెద్దలు, అటవీశాఖ, సంస్థలు అందరూ కలిస్తేనే అయింది. కానీ ఒక్క ఏడాదిలో అయింది.

మావయ్య చెరువు

ఇక్కడిదాకా కథ బాగానే ఉంది. కష్టమంతా ఇప్పుడే.

మా మావయ్యకు రొయ్యల చెరువు ఉంది. బీల అంచున లీజుకు తీసుకున్న నేలలో తవ్వించాడు. వనామీ వేస్తాడు. చెరువు పైన ఈ గట్టు నుంచి ఆ గట్టుకు దారాలు కట్టి ఉంటాయి, పిట్టలు దిగకుండా. పొద్దున్నా సాయంత్రం టపాకాయలు కాలుస్తాడు.

ఆ పొద్దున బీల నుంచి తిరిగొస్తూ అతని చెరువు దగ్గర ఆగాం. నాకు ఆవేశమొచ్చి, “నువ్వు కూడా ఇలా చేస్తే ఎలా మావయ్యా?” అన్నాను.

అతను టీ గ్లాసు కింద పెట్టాడు. “మీకేటమ్మా. సెలవలకొస్తారు, ఫొటోలు తీసుకుని ఎల్లిపోతారు. వైట్ స్పాట్ వచ్చిన చెరువులో చచ్చిన రొయ్యని నీటికాకి ముక్కున కరుచుకుని నా చెరువులో పడేసిందనుకో, నా లోను నువ్వు కడతావేటి?”

నేను కట్టలేను. అతని అప్పెంతో నాకు తెలుసు. అందుకే నోరు మూసుకున్నాను.

అయితే ఆ గట్టు మీద కూర్చునే మా పిల్ల నాకు ఇంకో సంగతి చూపించింది. అప్పటిదాకా నా బుర్రకు తట్టని సంగతి. “చెరువు తవ్వితే ఏమైంది, అదీ నీళ్లే కదా అనుకుంటాం. కానీ చూడు” అని గట్టు నిటారుగా ఉండటం, నీళ్లు మనిషి లోతు ఉండటం చూపించింది. లిటిల్ స్టింట్ కాలు మన చిటికెన వేలంత. అది నిలబడగలిగేది తడిబురద మీదే. కర్లూ శాండ్‌పైపర్ ఇంకో అంగుళం లోతుకు దిగుతుంది. ఎర్రకాళ్ల కొంగ మోకాలి లోతుకు. గూడబాతు ఈదుతుంది. ఎవరి కాలు పొడవును బట్టి, ఎవరి ముక్కు పొడవును బట్టి వాళ్ల స్థలం. బీలలో ఇవన్నీ పక్కపక్కనే ఉంటాయి. నీళ్లు ఎక్కుతూ దిగుతూ ఉంటాయి కాబట్టి పొద్దున ఒకరికి, సాయంత్రం ఒకరికి పంక్తి. ఆ నేలను తవ్వి ఒకే లోతు చేస్తే, నీళ్లు ఎన్ని ఉన్నా ఈ చిన్నవాటికి అది ఎడారే. మార్చి, ఏప్రిల్‌లో తిరుగు ప్రయాణానికి ముందు ఇవి తెగ తిని కొవ్వు పట్టాలి. పట్టకపోతే బయల్దేరలేవు. బయల్దేరినా చేరలేవు.

రికార్డుల్లో ఇలాంటి నేలలకు బంజరనో, ఖాళీ స్థలమనో పేరుంటుంది. ఆ పేరే ప్రాణాలు తీసింది, పిట్టలవి కాదు, మనుషులవి. సోంపేట బీలలో థర్మల్ పవర్ ప్లాంటు వద్దని జనం ఎదురుతిరిగితే 2010 జులై 14న పోలీసు కాల్పులు జరిగి ఇద్దరు చనిపోయారు. అదే రోజు ఢిల్లీలో పర్యావరణ అప్పీళ్ల అథారిటీ ఆ ప్లాంటుకిచ్చిన అనుమతిని రద్దు చేసింది. ఒక్క రోజు ముందు ఆ కాగితం వచ్చి ఉంటే అని ఇప్పటికీ అక్కడివాళ్లు అనుకుంటారు. ఆ తర్వాత 2011 ఫిబ్రవరి 28న కాకరాపల్లిలో ఇంకో థర్మల్ ప్లాంటు మీద మళ్లీ అదే గొడవ, మళ్లీ కాల్పులు, మళ్లీ ప్రాణాలు. కాకరాపల్లి బీల మా తేలినీలాపురం పిట్టలు మేతకు పోయే నౌపడ చిత్తడి నేలలోదే. అప్పుడు పోట్లాడిన వాళ్లలో చాలామంది జాలర్లు, రైతులు. వాళ్లు పిట్టల కోసం పోట్లాడలేదు. తమ చేపల కోసం, పశువుల మేత కోసం, పొలానికి నీళ్ల కోసం పోట్లాడారు. అవి మిగిలాయి కాబట్టే పిట్టలకూ మేత మిగిలింది.

ఈ లెక్కంతా అమ్మమ్మ చెట్టు దగ్గరికే వస్తుంది. ఊరి వాళ్లు గూడును కాపాడగలరు. చింతచెట్టు కొట్టరు, రాయి వేయరు, కిందపడ్డ పిల్లను ఎత్తి అటవీశాఖ వాళ్లకు ఫోన్ చేస్తారు. కానీ ఆ గూట్లోకి వచ్చే చేప ఊరి బయట నుంచి రావాలి. 2021 డిసెంబరులో ఏం జరిగిందో అత్తయ్య చెబితే విన్నాను. పెద్ద గూడబాతులు కొమ్మల మీదే తలలు వాల్చేసేవట. పొద్దున లేచేసరికి పెరట్లో ఒకటి, సందులో ఒకటి. 2022 జనవరికల్లా చచ్చినవి వంద దాటాయి. బర్డ్ ఫ్లూ అని ఊరంతా వణికిపోయింది. పరీక్షిస్తే నెమటోడ్లని తేలింది, ఒకరకం పరాన్నజీవి పురుగులు. తిన్న చేపల్లోంచి కడుపులోకి చేరినవి. చెట్టు అదే, ఊరు అదే, ప్రేమ అదే. ఏదో ఒక నీటిమడుగులో చేపలు చెడ్డాయి, అంతే.

“ఆ ఏడు పిల్లకి అన్నం పెట్టడానికి తల్లి రాలేదే” అంది అమ్మమ్మ. ఇంకేమీ అనలేదు.

కొల్లేరులో ఆటపాకకు వెళితే నీళ్లలో ఇనుప స్టాండ్లు కనిపిస్తాయి. గూళ్లు కట్టుకోవడానికి చెట్లు కరవైతే అటవీశాఖ వాళ్లు పాతిన స్టాండ్లు. గూడబాతులు వాటి మీదే కాపురం పెట్టేశాయి. అంటే గూటికి ప్రత్యామ్నాయం ఉంది. బురదకు ఇనుముతో చేసిన ప్రత్యామ్నాయం ఎవరూ కనిపెట్టలేదు.

మావయ్య మీద నా కోపం ఆ సాయంత్రానికి పోయింది. దారాలు విప్పేశాడని కాదు, విప్పలేదు. టపాకాయలూ మానలేదు. కానీ ఇంటికొచ్చేసరికి చింతచెట్టు కింద ఓ గూడబాతు పిల్ల పడి ఉంది. ఒళ్లంతా తెల్లటి నూగు, ముక్కు మాత్రం దానికి బరువైనంత పెద్దది. పగలంతా గట్టు మీద పిట్టల్ని బెదిరించిన మనిషి దాన్ని తువ్వాల్లో చుట్టి, అటవీశాఖ వాచర్ వచ్చేదాకా ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు. “కుక్కలొస్తాయి, కర్ర అందుకో” అని నన్నూ కాపలా పెట్టాడు.

లెక్క

ఏటా జనవరిలో ఆసియా అంతటా నీటిపక్షుల లెక్కింపు జరుగుతుంది, ఏషియన్ వాటర్‌బర్డ్ సెన్సస్ అని. 1987 నుంచీ ఉంది. కాస్త పిట్టల్ని గుర్తుపట్టడం వచ్చిన వాళ్లెవరైనా చేరొచ్చు. ఈబర్డ్ అనే యాప్‌లో మామూలు రోజుల్లో చూసినవీ ఎక్కించొచ్చు. రేపు ఎవరైనా ‘ఇక్కడ ఏమీ లేదు, బంజరు’ అన్నప్పుడు చూపించడానికి ఈ లెక్కలే ఉంటాయి. మా పిల్ల రెండేళ్లుగా బీల లెక్క రాస్తోంది.

వెళ్లిపోయే ముందురోజు నేనూ తోడు వెళ్లాను. నా వంతు లిటిల్ స్టింట్లు. పదేసి చొప్పున గుంపులు కట్టి లెక్కపెట్టమంది. మూడు వందల నలభై దాకా వచ్చాను. ఇంతలో ఓ కుక్క బురదలోకి దూకింది. గుంపు మొత్తం ఒక్కసారి లేచి, గాల్లో దుప్పటి దులిపినట్టు అటు తిరిగి, తెల్లగా మెరిసి, ఇటు తిరిగి, మళ్లీ వేరేచోట వాలింది. లెక్క పోయింది. మొదట్నుంచీ పెట్టాను. రెండోసారి రైలు వచ్చింది. మూడోసారికి ఎలాగో 410 రాసుకున్నాం. దానికి ఓ పది అటూ ఇటూ ఉండొచ్చని మా పిల్ల పక్కన రాసింది.

ఆ రోజు తీసిన వీడియో కూడా పెట్టాను. బురద, బురదలో పిట్టలు, నిమిషం నిడివి. ‘ఇవి నిజంగా సైబీరియావి’ అని రాశాను. దానికొచ్చిన లైకులు నూటపదహారు. కట్నం చదివించినట్టు.

మార్చి నెలాఖరులో మావయ్య వాట్సాప్‌లో వాయిస్ పంపాడు. వెనకాల చెరువు మోటారు శబ్దం. “ఆడపిల్లలు ఎల్లిపోనారమ్మా. చెట్టంతా ఖాళీ. ఒక్కటుండిపోయింది, పైకొమ్మ మీది పిల్ల. ఇంకా ఎగరడం రానట్టుంది. తల్లి పొద్దున పోయి సాయంత్రానికి వస్తంది. మీ అమ్మమ్మ రోజూ సూసొచ్చి నాకు చెప్తంది.”

రెండు రోజులు పోయాక నేనే ఫోన్ చేశాను. ఇంకా ఉందట.